ఎద్దు కాలిలో ముల్లు

మా బావి మీద రెండు ఇళ్ళు బతికేవి, మాదీ చిన్నాయనదీ. తాత తవ్వించిన బావి అది. తాత పోయాక అన్నదమ్ములిద్దరూ చేను పంచుకున్నారు, ఎద్దులు పంచుకున్నారు, వంటింట్లోని ఇత్తడి సామాను కూడా పంచుకున్నారు. బావిని నడిమికి కోయలేరు కనుక నీళ్ళకు వంతులు పెట్టుకున్నారు. పొద్దు పొడిచినప్పటి నుంచి పొద్దున సద్ది తినే వేళ దాకా మా వంతు. సద్ది వేళ నుంచి ఎండ నడినెత్తికి వచ్చేదాకా చిన్నాయన వంతు. ఆ తర్వాత బావిని ఊరడానికి వదిలేసేవాళ్ళు.

వేంపల్లె నుంచి రాయచోటి వైపు పోయే దారిలో, గుట్టల నడుమ ఉంటుంది మా ఊరు. మా పక్క వానను నమ్ముకుని ఎవరూ ఎర్రగడ్డ మడి, అదే ఉల్లి మడి, కట్టరు. నీళ్ళు కావాలంటే కపిల తోలాల్సిందే. కోస్తా వాళ్ళు దాన్ని మోట అంటారు. ఎద్దుల జత వాలుదారిలో దిగుతూ తాడు లాగితే పెద్ద తోలు బాన నిండుగా పైకి వచ్చి తొట్టిలో కుమ్మరించుకుంటుంది. ఎద్దులు వెనక్కి ఎక్కితే బాన మళ్ళీ బావిలోకి దిగుతుంది. పొద్దున్నే ఊరికి దూరంగా నిలబడి వింటే, గిలక కిర్రుమనే చప్పుడును బట్టి ఎవరి బావిలో నీళ్ళు ఎంత లోతున ఉన్నాయో చెప్పవచ్చు.

సద్ది వేళ అయిందని ఎట్లా తెలియాలి? రెండిళ్ళలోనూ గడియారం లేదు. మాకు నాయన నీడే గడియారం. బావి గట్టు మీద కడప బండలు మట్టసంగా పరిచిన చోటు ఒకటి ఉండేది. నాయన అక్కడ ఎండకు వీపు పెట్టి నిలబడేవాడు. తల నీడ పడిన చోట చిన్నాయన వంగి గులకరాయి పెట్టేవాడు. తర్వాత నాయన తాను నిలబడిన చోటి నుంచి ఆ రాయి దాకా, మడమకు బొటనవేలు ఆనించి, తన పాదాలతోనే కొలుచుకుంటూ నడిచేవాడు. నెలను బట్టి అడుగులు మారతాయి. ఏ నెలకు ఎన్ని అడుగులో నాయనకు నోటికి వచ్చు. నీడ ఆ నెల లెక్కకు దిగిందంటే మా వంతు అయిపోయినట్టు. పెద్దవాడి నీడే కొలత అన్నది తాత పెట్టిన కట్టడి.

నిజానికి ఎవరు నిలబడినా పెద్ద తేడా రాదు. పొడుగువాడికి పాదం పొడుగు, పొట్టివాడికి పాదం పొట్టి. ఎవరి నీడను వాళ్ళ పాదంతో కొలుచుకుంటే అందరికీ దాదాపు ఒకే లెక్క వస్తుంది. ఈ సంగతి నాకు బడిలో ఎవరూ చెప్పలేదు. వీధిబడిలో ఎక్కాల దాకా చదివి మానేసినవాణ్ని. మిగతా లెక్కలు ఎరువు కుప్పల దగ్గర, గడ్డివాముల దగ్గర, బావి కట్టుబడి రాళ్ళ దగ్గర కిందామీదా పడి నేర్చుకున్నాను. ఊళ్ళో ఎవరు గాదె కట్టినా, గుంత తవ్వినా ఎంత పడుతుందో చెప్పమని నన్ను పిలిచేవాళ్ళు. ఇప్పటికీ పిలుస్తారు. ఆ లెక్కలన్నిటికీ మొదలు మాత్రం ఆ బండల మీది నీడే.

నీడ కొలిచేటప్పుడు అన్నదమ్ములిద్దరి మాటలు వినాలి. తలగుడ్డతో నిలబడితే నీడ పెరుగుతుంది, మా వంతు సాగుతుంది. అందుకని చిన్నాయన దాన్ని అస్సలు ఒప్పుకునేవాడు కాదు.

"తలగుడ్డ తియ్‌ అన్నా. నీడకు గూడా కిరీటం పెడితే మా ఎర్రగడ్డలు ఎండిపోతాయి."

"నీ ఎర్రగడ్డలకు కావాల్సింది నీళ్ళు గాదురా, ఒళ్ళు వంచే మనిషి" అంటూ నాయన తలగుడ్డ తీసి భుజాన వేసుకునేవాడు.

రాయి పెట్టడం, కొలవడం, లెక్క సరిపోవడం. ఇక చిన్నాయన ఎద్దులు కట్టాలి. సరిగ్గా అప్పుడే ఆయన ఎద్దు కాలిలో ముల్లు దిగేది.

"ఉండన్నా, నా ఎద్దు కాల్లో ముల్లుండాది. తీసుకోని వస్తా. అందాక ఇంకో నాలుగు బానలు తోలుకో."

"దినామూ ముల్లేనా? నీ ఎద్దు కంపచెట్టు మీద పండుకుంటాదేమిరా?"

సద్ది గంప తలమీద పెట్టుకుని అప్పుడే గట్టెక్కుతున్న అమ్మ ఆ మాట అందుకునేది. "ముల్లుండేది ఎద్దు కాల్లో గాదు, మరిది ఒంట్లో. కూసుంటే లెయ్యనీదు."

చిన్నాయన నవ్వేవాడు. గట్టు కింద చింతచెట్టు నీడలో ఎద్దు కాలు ఒళ్ళో పెట్టుకుని, మంగలి గోళ్ళు తీసినంత నిదానంగా గిట్ట తడుముతూ కూర్చునేవాడు. వయసులో ఆయన ఇట్లాంటివాడు కాదట. వంతు అయిందంటే చాలు, మా ఎద్దుల మెడ మీది కాడి ఆయనే దించేవాడట. ఈ మధ్య కొన్నేళ్ళుగా బద్ధకం పట్టుకుందని ఇంట్లో అందరం అనుకునేవాళ్ళం. పండక్కి నలుగురూ చేరితే చిన్నాయన ఎద్దు ముల్లు మాట రాకుండా భోజనాలు ముగిసేవి కావు.

ఆ నాలుగు బానలు తోలే పని నాది. నాలుగు అన్నది మాట వరసకే. ఆ లోపల నాయన తొట్టి దగ్గర కాళ్ళూ చేతులూ కడుక్కుని వచ్చి కూర్చునేవాడు. అమ్మ రాత్రి మిగిలిన రాగి సంగటి మజ్జిగలో పిసికి పెట్టేది. నంజుకోవడానికి ఎర్రగడ్డ, రోట్లో నూరిన ఊరిబిండి. నాయన తిన్నాక అదే గిన్నెలో అమ్మ తినేది. ఆమె ఇంట్లో పొద్దుటి పూట తినగా నేను చూడలేదు. మా వసారా చూరు నీడ వాకిట్లోని రోలు అంచును తాకితే ఆమె గంప ఎత్తుకునేది. గట్టెక్కేసరికి నాయన నీడ కొలుస్తూ ఉండేవాడు. ఆమె గడియారం రోలు, ఆయన గడియారం బండ. ఆ రెండూ ఎప్పుడూ తప్పలేదు.

జొన్న కోతలు అయిపోయిన మాఘమాసంలో నాయన పోయాడు. ఏదో జ్వరం. మంచాన పడ్డాక కూడా తెల్లవారితే తలుపు సందులోంచి ఎండ వంక చూసి, "నీడ కొలిచినార్రా?" అని అడిగేవాడు. కొలిచామని చెప్తే కళ్ళు మూసుకునేవాడు. ఆ రోజుల్లో మేము కొలవలేదు. ఎవరికీ కపిల మీద మనసు లేదు. ఆయనకు అట్లా చెప్పేవాళ్ళం.

మైల తీరేదాకా రెండిళ్ళ ఎద్దులూ కొట్టంలోనే ఉన్నాయి. బావి ఎన్నడూ లేనట్టు పై మెట్ల దాకా ఊరింది. దినం రోజు స్నానానికి పోయి ఆ నీళ్ళు చూసి నేను గట్టు మీద కాసేపు కూర్చుండిపోయాను. అన్ని నీళ్ళు ఉండీ మడులు ఎండుతున్నాయి. నాయన ఉంటే ఊరుకునేవాడు కాదు.

ఆ సాయంత్రమే మా మేనత్త, నాయనకూ చిన్నాయనకూ అక్క, ఊరికి బయల్దేరబోతూ అమ్మతో ఒక మాట అన్నది.

"నువ్వింక సద్దెత్తుకోని బాయి కాడికి పోవద్దు. మీ మరిది ఎద్దులు కట్టే యాలకు నువ్వు ఎదురొస్తే బాగుండదు. వాళ్ళ ఇంటి మంచి గూడా సూడాల గదా."

అమ్మ తల ఊపింది. మొగుడు పోయిన మనిషి పని మొదలు పెట్టేవాళ్ళకు ఎదురు రాకూడదన్నది మా పక్క అందరూ పాటించేదే. అత్త కొత్తగా కల్పించి చెప్పింది కాదు, చెడ్డగా చెప్పిందీ కాదు. మర్నాడు నేను ఎద్దుల్ని తోలుకుని బయల్దేరుతుంటే అమ్మ సద్ది మూట తెచ్చి నా చేతికి ఇచ్చింది. ఆమె గడప దాటలేదు.

బావి దగ్గర చిన్నాయన అప్పటికే కూర్చుని ఉన్నాడు. ఎవరి నీడ కొలవాలన్న మాట వచ్చింది.

"ఇప్పుడు పెద్దోడివి నువ్వే గదా చిన్నాయనా. నువ్వు నిలబడు."

"నాకు రాయి పెట్టడమే వచ్చురా అబ్బోడా. ఇన్నేండ్లు వంగి రాయి పెట్టినోణ్ణి, ఇప్పుడు లేసి నిలబడమంటే ఎట్లా? అన్న చోట నువ్వు నిలబడు."

నేను కపిల తోలడం మొదలు పెట్టాను. ఎండ కాస్త పైకి వచ్చింది. ఉన్నట్టుండి ఎద్దులు వాలుదారి పైకి ఎక్కి ఆగిపోయాయి. అదిలించినా దిగలేదు. రెండూ మెడలు తిప్పి బండల వైపు చూశాయి. నాయన కపిల ఆపి నీడ కొలవడానికి పోయే వేళ అది. వాటికి అలవాటు. తాడు వదిలేసి పోయి బండల మీద నిలబడ్డాను. చిన్నాయన రాయి పెట్టాడు. మాఘమాసం లెక్క పది అడుగులు. నా నీడ పన్నెండు అడుగులు వచ్చింది.

"ఇంకా రెండడుగులుండాది చిన్నాయనా."

"అయితే తోలుకో."

ఎద్దులు నామీద అలిగినట్టు కదిలాయి. నీడ పది అడుగులకు దిగేసరికి మరో గడియ పట్టింది, ఇప్పటి గడియారం లెక్కలో అరగంటకు కొంచెం తక్కువ. లెక్క సరిపోగానే చిన్నాయన లేచి ఎద్దుల్ని కట్టాడు. ముల్లు మాట ఎత్తలేదు. మనసు బాగాలేక పరాచికం మానేశాడని అనుకున్నాను.

మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. ఎద్దులు ఆగే వేళకు నా నీడ రెండడుగులు ఎక్కువ. ఎద్దులకు లెక్కలు రావు కనుక అవి తప్పు చేయవు. నా పాదాలు నాయన పాదాల్లాంటివే. ఎత్తు కూడా ఇద్దరిదీ ఒకటేనని ఊరంతా అనేవాళ్ళు. మరి ఈ రెండడుగులు ఎక్కడివి? పెద్ద పెద్ద వాములు కొలిచిన నాకు ఈ చిన్న లెక్క తెగలేదు. ఎరువు తోలుతున్నా అదే, ఎద్దులకు దంటు వేస్తున్నా అదే ఆలోచన. లెక్క కుదరడం లేదన్న చింత పైకి ఉండేది. దాని కింద ఇంకోటి ఉండేది. దాన్ని కదిలించడానికి భయపడి ఈ లెక్కను పట్టుకు తిరిగాననుకుంటాను.

ఒకరోజు గడ్డిమోపుతో ఇంట్లోకి వస్తూ వాకిలి దాటబోయి తల గట్టిగా కొట్టుకున్నాను. మా ద్వారబంధం పొట్టిది. నా చిన్నప్పుడు నాయన దానికి తల కొట్టుకుని తాతను తిట్టుకోవడం నాకు బాగా జ్ఞాపకం. నుదురు రుద్దుకుంటూ ఆ గడప మీదే నిలబడిపోయాను. ఈ మధ్య కొన్నేళ్ళుగా నాయన తల ఆ ద్వారబంధానికి తగలలేదు. ఆయన వంగి దాటిందీ లేదు. మామూలుగా నడిచి లోపలికి వచ్చేవాడు.

నాయన నడుము వంగిపోయింది. పాదాలు ఉన్నంతే ఉన్నాయి, మనిషి మాత్రం జానెడుకు పైగా కిందికి దిగాడు. అందుకే పొద్దున్నే ఆయన నీడ మా అందరి నీడల కంటే ముందే పొట్టిదై లెక్కకు సరిపోయేది. కపిల తాడు మీద ఊగీ ఊగీ, మడి గట్లు వేసీ వేసీ ఏడాదికి ఇంత చొప్పున వంగుతూ పోయాడు. రోజూ చూసే కళ్ళకు అది ఆనలేదు. గడప మీద అట్లాగే కూర్చుని ఏడ్చాను. ఆయన పోయిన నాడు నలుగురిలో ఏడ్చిన ఏడుపు వేరు, ఇది వేరు. అమ్మ వచ్చి బొప్పి కట్టిందేమోనని నా తల తడిమి చూసింది.

అప్పటికి అమ్మ సగం చిక్కిపోయింది. అది కూడా నా భార్య చెప్తేనే తెలిసింది.

"అత్త సద్ది తింటాల్యా. గిన్నె ముందర పెట్టుకోని రోలు కాడ కూసుంటాది. చూరు నీడ రోటి మీదికొచ్చేది, దాటిపోయేది సూస్తాంటాది. ఆనెంక గిన్నె కొట్టంలో ఎనుముకు పోస్తాది."

నేను అడిగాను. అమ్మ మొదట ఏమీ లేదన్నది. గట్టిగా అడిగితే చెప్పింది.

"ఏం జేసేది నాయనా? పొద్దుటి పూట ఆకలి నాకు బాయి కాడనే అయితాది. ఇన్నేండ్లు అట్లా అలవాటాయ. ఈడ కూసుంటే కాల్యా."

మధ్యాహ్నం నాలుగు మెతుకులు, రాత్రికి అదీ లేదు. ఇట్లాగే సాగితే ఆమె ఆ ఎండాకాలం దాటదని నాకు అనిపించింది. ఆమెను మళ్ళీ బావి దగ్గర కూర్చోబెట్టి ఒక ముద్ద తినిపించాలి. మాకు ఆ ఏడు వేరే పని లేదన్నట్టు నేనూ నా భార్యా అదే ఆలోచించాం. అడ్డం ఒకటే, చిన్నాయన ఎద్దులు కట్టే వేళకు ఆమె ఎదురు పడకూడదు.

అప్పుడు నాకు ఆ రెండడుగులు పనికి వస్తాయని తోచింది. అమ్మ గడియారం మారలేదు. చూరు నీడ రోలును తాకితే బయల్దేరుతుంది, నాయన నీడ సరిపోయే వేళకు గట్టెక్కుతుంది. నా నీడ సరిపోవడానికి అక్కడి నుంచి ఇంకో గడియ పడుతుంది. ఆ గడియలో ఆమె వచ్చి, నాకు పెట్టి, తాను తిని, గంప ఎత్తుకుని వెళ్ళిపోవచ్చు. చిన్నాయన ఎద్దులు అప్పటికి చింతచెట్టు కిందే ఉంటాయి.

లెక్క కుదిరింది కానీ అందులో ఒక మెలిక ఉంది. ఆ గడియ ఎవరిది? నాయన ఉన్నన్నాళ్ళూ ఆ గడియ నీళ్ళు చిన్నాయన మడులకు పారాయని అనుకున్నాను. ఇప్పుడు నేను నిటారుగా నిలబడి దాన్ని లాక్కుంటున్నట్టే కదా. ఆయన ఒక్క మాట అనకుండా ఊరుకున్నాడు. చెప్పకుండా వాడుకోవడం నాకు ఇష్టం లేకపోయింది. మర్నాడు ఆయన రాయి పెట్టగానే అక్కడే కూర్చుని, బండ మీద మసిబొగ్గుతో రెండు గీతలు గీసి చూపించాను. ఇది నాయన నీడ, ఇది నాది, మధ్యలో ఇంత.

చిన్నాయన గీతల వంక చూడలేదు. నా మొహం వంక చూసి మెల్లగా నవ్వాడు.

"ఇప్పుడు కనిపెట్టినావా? శానా పెద్ద లెక్కలోడివే. ఒరే, దినామూ ఆయన తల నీడ యాడ పడ్తాదో రాయి పెట్టి సూసినోణ్ణి నేను. ఏడాదికేడాది అదే పొద్దుకు రాయి ఇవతలికొస్తాంటే నాకు తెల్దా?"

"మరి చెప్పొచ్చు గదా చిన్నాయనా. నీకు నీళ్ళు ఎక్కువొస్తాండాయని..."

"ఏమని చెప్పాల? అన్నా, నువ్వు వంగిపోతాండావు, ముసిలోడివైతాండావు, నీ నీడ పనికిరాదు అని చెప్పాల్నా? నా నోటెట్లా వస్తాదిరా ఆ మాట? ఆయనకేమో నిటారుగా నిలబడినాననే నమ్మకం."

తొట్టిలోంచి నీళ్ళు కాలవలోకి జారుతున్న చప్పుడు వినిపిస్తోంది. తర్వాత ఆయన చింతచెట్టు వైపు గడ్డంతో చూపించాడు.

"ఆ ఎద్దును తోలుకోనొచ్చి ఇన్నేండ్లాయ. దాని కాల్లో ఒక్కనాడు గూడా ముల్లు దిగల్యా."

నాకు వెంటనే అర్థం కాలేదు. ఇంకో నాలుగు బానలు తోలుకో అన్నన్నాళ్ళూ ఆ బానలు లాగింది నేనే. అవి నాలుగో, పదో, ఇరవయ్యో ఏనాడూ లెక్క పెట్టలేదు. నాయన నీడ తగ్గే కొద్దీ ఆ ఎద్దు కాలిలో ముల్లు లోతుకు దిగుతూ పోయి ఉంటుంది. నేను నిటారుగా నిలబడిన నాటి నుంచి ముల్లుతో పని లేకపోయింది.

"అన్న తెలుసుకుంటాడేమోనని దినామూ భయపడతాంటి" అన్నాడు చిన్నాయన. "మీరేమో ఒళ్ళు బద్ధకం అంటిరి. అదే మేలాయ."

అమ్మ సంగతి చెప్పాను. సద్ది ఎనుముకు పోస్తున్న మాట చెప్పగానే ఆయన లేచి నిలబడ్డాడు. ఎద్దుల్ని నాకు వదిలేసి నేరుగా ఊళ్ళోకి నడిచాడు. వంతు నీళ్ళను వదిలేసి ఆయన ఊళ్ళోకి పోవడం నేను చూడటం అదే మొదటిసారి. ఆయన వెనకాల పరుగెత్తలేక నేను ఆయన కపిల తోలుతూ ఉండిపోయాను. అక్కడ జరిగింది తర్వాత నా భార్య చెప్పింది.

చిన్నాయన మా వాకిట్లో రోలు మీదే కూర్చున్నాడట.

"వదినె, రేప్పొద్దున సద్ది నాక్కూడా ఒక ముద్ద తే."

"నేను రాగూడదప్పా. నీ ఎద్దులకు ఎదురైతాది."

"ఎదురొస్తే గదా ఎదురు. నేను ఆడ్నే కూసోని నీ చేతి సంగటి తింటాంటే ఎదురెట్లయితాది? పక్కన కూసున్నోళ్ళకు శకునం ఉంటాదని యాడన్నా ఇన్యావా?"

"మీ అక్క ఇంటే?"

"అక్కకు బాయి ల్యా, ఎద్దుల్లేవు. శకునాలు మాత్రం బండికెత్తుకోని వస్తాది."

అమ్మ నవ్వలేదట. కొంగు నోటికి అడ్డం పెట్టుకుందట. చిన్నాయన లేచి వెళ్తూ వెళ్తూ, "నువ్వు తెచ్చిందాక నా ఎద్దు కాల్లో ముల్లుంటాది వదినె, కట్టను" అన్నాడట. ఆ మాటకు మాత్రం అమ్మ గట్టిగా ఏడ్చిందని నా భార్య చెప్పింది.

మర్నాడు ఎద్దులు అలవాటు చొప్పున ఆగాయి. నేను తాడు వదిలి బండల మీదికి పోయేసరికి గట్టు అవతలి నుంచి సద్ది గంప పైకి వచ్చింది, దాని కింద అమ్మ మొహం. చిన్నాయన రాయి చేతిలో పట్టుకుని ఎప్పటి చోటే కూర్చుని ఉన్నాడు. అమ్మ గంప దించి, బండల మీద పడిన నా నీడ వంక చూస్తూ నిలబడింది.

"అట్లా బిర్రుగా నిలబడినావేమిరా" అన్నది కాసేపటికి. "మీ నాయన ఇట్లనే నిలబడతాండె. నేను కాపురానికొచ్చిన కొత్తల్లో."

నీడకు మొహం ఉండదు. తలగుడ్డ భుజాన వేసుకున్న మగమనిషి నీడ అది, అంతే. ముసలితనం రాకముందు నాయన నీడ కూడా ఆ బండల మీద అంతే పొడుగున, అట్లాగే పడి ఉంటుంది. అమ్మ చూస్తున్నంతసేపూ నేను కదలలేదు. చిన్నాయన కూడా రాయి పెట్టకుండా ఆగాడు.

తర్వాత ఆమె కూర్చుని మూత తీసింది. ముందు మరిదికి, తర్వాత నాకు పెట్టి, నేను తిన్న గిన్నె తన ముందుకు జరుపుకుంది. ఊరిబిండిలో ఉప్పు ఎక్కువైందని తానే అనుకుంది. రెండో ముద్ద కలుపుకుంటూ, చిన్నాయన ఎద్దుల దగ్గరికి పోయాక, ముందు రాత్రి నేను చెప్పిన ముల్లు మాట ఎత్తి నాతో మెల్లగా అన్నది.

"మీ నాయనకు తెల్దనుకున్యారా మీరు? ముల్లు సంగతి ఆయప్పకు తెలుసు. 'వాడు నా ముందర నా నడుం మాట ఎత్తల్యాక ఎద్దు కాలు పట్టుకుంటాండాడు, పట్టుకోనీలే' అన్యాడు ఒకనాడు. నాతో దప్ప ఎవరితోనూ అనల్యా."

అన్నకు తెలియకూడదని తమ్ముడు, తెలిసినట్టు తమ్ముడికి తెలియకూడదని అన్న, ఇద్దరూ ఆ బండల మీద రోజూ పరాచికాలాడుకుంటూ గడిపారు. ఈ మాట నేను చిన్నాయనకు చెప్పలేదు. అమ్మ కూడా చెప్పి ఉండదు.

ఆ తర్వాత చాలా ఏళ్ళు అమ్మ సద్ది తెచ్చింది. మేనత్త వచ్చినప్పుడు రెండు రోజులు మానేది, ఆమె బండి ఊరు దాటగానే మళ్ళీ మొదలు పెట్టేది. చివరి రోజుల్లో గట్టు ఎక్కలేక కిందే కూర్చుని మమ్మల్ని పిలిచేది. ఇప్పుడు ఆమె లేదు, చిన్నాయన లేడు. చింతచెట్టు ఉంది. పడమటి చేలో ఒకాయన బావికి ఆయిల్ ఇంజను పెట్టాడు. దాని టకటకలో మా గిలక చప్పుడు మాకే వినబడటం లేదు. చిన్నాయన కొడుకు చేతికి గడియారం కట్టుకుంటాడు. అయినా మా వంతులు నీడ మీదే మారతాయి. నేను నిలబడతాను, వాడు రాయి పెడతాడు. సద్ది నా భార్య తెస్తుంది.

మొన్న శ్రావణంలో ఒక పొద్దున నీడ లెక్కకు సరిపోయింది. నేను కపిల విప్పబోయాను. చిన్నాయన కొడుకు అప్పటికే ఎద్దు పక్కన చేరి దాని కాలు ఎత్తి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"ఉండన్నా" అన్నాడు తల ఎత్తకుండా. "దీని కాల్లో ముల్లుండాది. అందాక ఇంకో నాలుగు బానలు తోలుకో."

వాడికి ఇది ఎవరు చెప్పారో నాకు తెలియదు. నేను చెప్పలేదు. బండల మీద ఆ గులకరాయి వంక చూశాను. తర్వాత వాడి వంక చూసి, "నీ ఎద్దు కంపచెట్టు మీద పండుకుంటాదేమిరా" అన్నాను. వాడు నవ్వాడు.

మా పిల్లవాణ్ని కపిల తోలమని, తొట్టి దగ్గర కాళ్ళు కడుక్కుని వచ్చి కూర్చున్నాను. ఆ పూట సద్ది నిదానంగా తిన్నాను.